అర్జునుడు ఇంకా దిగలేదు

కరెంటు డిపార్ట్‌మెంటులో రిటైరైనవాణ్ణి కదిలిస్తే తుపాన్ల కథలు చెబుతాడు. విరిగిన స్తంభాలు, తెగిన తీగలు, తిండీ నిద్రా మాని ఊళ్ళకు వెలుగు తెచ్చిన వైనాలు. నా దగ్గరా అవి బోలెడున్నాయి. కొత్తగా ఉద్యోగంలో చేరిన పిల్లలు తిరుపతిలో మా ఇంటికి వచ్చినప్పుడల్లా వాటితోనే వాళ్ళ బుర్ర తింటుంటాను. కానీ ఇన్నేళ్ళ సర్వీసులో ఒళ్ళు జలదరించిన రోజు ఏదంటే, అది తుపాను రోజు కాదు. పట్టపగలు, ఎండ కాస్తుండగా, ఊరంతా కూర్చుని కథ వింటున్న రోజు.

అప్పుడు నేను తమిళనాడు సరిహద్దు వైపు ఒక సెక్షనుకు అసిస్టెంట్ ఇంజనీరుగా ఉన్నాను. ఆ ఊరి పేరు చెప్పను. చెబితే ఇప్పటికీ నలుగురు ఫోన్ చేసి, ‘మా ఊరిని పేపర్లో వేస్తావా సామీ’ అని తగులుకుంటారు.

చిత్తూరు జిల్లాలో పుట్టినవాళ్ళకు భారతం అంటే ఏమిటో చెప్పనక్కర్లేదు. మిగతావాళ్ళ కోసం రెండు ముక్కలు. ద్రౌపదమ్మ కొలువుండే ధర్మరాజుల గుడి ఉన్న ఊళ్ళలో ఎండాకాలం రోజుల తరబడి భారతం జరుగుతుంది. పగలు హరికథ, రాత్రి వీధినాటకం. అందులో ఒకరోజు అర్జునుడి తపస్సు. మిట్ట మీద పొడవాటి మాను నాటుతారు. అర్జునుడి వేషం కట్టినవాడు ఒక్కో మెట్టుకు ఒక్కో పద్యం పాడుకుంటూ దాన్ని ఎక్కుతాడు. కొసన కూర్చుని పూజ చేసి విభూతి, పూలు, నిమ్మకాయలు కిందికి విసురుతాడు. బిడ్డలు లేని ఆడవాళ్ళు తలారా నీళ్ళు పోసుకుని, తడిబట్టలతో మాను చుట్టూ సాష్టాంగపడి ఉంటారు. దాన్ని వరపడటం అంటారు. నిమ్మకాయ ఎవరి ఒడిలో పడితే వాళ్ళ కడుపు పండుతుందని నమ్మకం.

మా లెవెన్ కేవీ లైను ఆ మిట్ట అంచునే పోయేది. లైను జరపడానికి పైకి పంపిన అంచనాలు పైనే ఉండిపోయేవి. మాను జరపండని ఊళ్ళో అడిగితే, వాళ్ళు నన్ను జరిపేటట్టు కనిపించారు. ఆ గుంతలో తప్ప మాను ఇంకెక్కడా నిలవదట. అందుకని ఏటా తపస్సు జరిగినంతసేపూ సబ్‌స్టేషన్‌లో ఆ లైను ఆపి ఉంచేవాళ్ళు.

నేను చేరిన మొదటి ఎండాకాలం అది. తపస్సుకు ముందురోజు మా లైన్‌మన్‌ను వెంటబెట్టుకుని మిట్ట దగ్గరికి పోయాను. వయసులో నాకంటే బాగా పెద్దవాడు. ఆ లైనులోని స్తంభాలన్నీ దగ్గరుండి పాతించినవాడు. అంతా అయ్యాక సబ్‌స్టేషనుకు కబురు ఎట్లా చెబుతారని అడిగాను.

“పోస్టాఫీసులో ఫోను ఉండాది సార్. అది పలికేది తక్కువ లెండి. అయినా దాంతో పనేముండాది? శంఖం ఉండాది కదా,” అన్నాడు.

“శంఖమేమిటి?”

“అర్జునుడు మాను దిగి, నేలకు మొక్కి శంఖం ఊదతాడు సార్. మైకులో అది మామిడితోపు దాటి సబ్‌స్టేషను దాకా ఇనిపిస్తాది. మన ఆపరేటరు అది ఇనేసి కరెంటు ఇచ్చేస్తాడు. ఎన్నో ఏండ్లుగా ఇంతే.”

లైను ఆపించుకున్నవాడు తన నోటితో ‘ఇక ఇవ్వు’ అంటే తప్ప తిరిగి కరెంటు ఇవ్వకూడదు. మా ఉద్యోగంలో ఇది ఓనమాల కంటే ముందు నేర్పే పాఠం. శంఖంలో పోస్తేనే తీర్థం అన్నట్టు, మా సెక్షన్లో శంఖం ఊదితేనే కరెంటు! నాకసలే ముక్కు మీద కోపం. లైన్‌మన్‌ను అక్కడికక్కడే కడిగేసి, స్కూటరెక్కి నేరుగా సబ్‌స్టేషనుకు పోయాను.

ఆపరేటరు నెమ్మదస్తుడు. భారతం మొత్తం నోటికి వచ్చు. డ్యూటీలో ఉండి కూడా తోపు అవతలి మైకుకు చెవి అప్పగించి పెదవులు కదుపుతూ ఉండేవాడు. “శంఖాలూ గంటలూ కుదరవు. నా ఫోను వస్తేనే లైను ఛార్జి చెయ్యాలి,” అని గట్టిగా చెప్పాను.

“అట్నే సార్,” అని, “రేపు మా ఆమె వరపడతాంది సార్,” అన్నాడు.

“మరి నువ్వు పోవా?”

“నాకు బదులు వచ్చేవోడికి జ్వరం సార్. ఆమె ఒక్కతే పోతాది. పెండ్లయి ఇన్నేండ్లయినా కడుపున ఒక నలుసు పడలా. తిరపతి ఆస్పత్రులన్నీ అయిపోయినాయి, మొక్కని గుడి లేదు. ఇంక ఈ మాను ఒక్కటే మిగిలింది. నేనీడ కూసోని కథ ఇంటా ఉంటా. ఆమె ఆడుంటే నేను ఆడున్నట్టే కదా సార్.”

నాకు అలాంటి నమ్మకాలు లేవు. ‘ఫోను మాట మరిచిపోకు’ అని మాత్రం చెప్పి స్కూటరెక్కాను.

మర్నాడు నా గొడవ ఇంకొకటి. చెరుకు తోటలు ఎండిపోతున్నాయి, రైతుల మోటార్లన్నీ ఆ లైను మీదే. ‘తపస్సు తొందరగా తెమిలించు’ అని పైఅధికారి హుకుం. మాను కింద కథ చెప్పే ఆమె దగ్గరికి పోయాను. ముసలామె. కాలికి గజ్జె, చేతిలో చిరతలు, నుదుట పెద్ద బొట్టు. ఊరందరికీ ఆమె అవ్వే. అర్జునుడు ఒక పద్యం పాడి ఊపిరి తీసుకునేలోపు ఆమె కింద కథ అందుకునేది. ఆమె కథ సాగిన కొద్దీ అతను ఎక్కాలి.

“అవ్వా, కాస్త కుదించి చెప్పు. రైతులు నీళ్ళకోసం కాచుకోనుండారు,” అన్నాను.

అవ్వ చిరతలు ఒళ్ళో పెట్టుకుని నన్ను తేరిపార చూసింది. “యాడ కోయమంటావప్పా? తల కాడా, కాళ్ళ కాడా?”

“అది కాదవ్వా...”

“ఇది నా సొమ్మా, కోసి పంచేదానికి? మా గురువు ఇచ్చింది ఇచ్చినట్టు చెప్తా. ఒక మాట తియ్యను, ఒక మాట పెట్టను. నీ కరెంటు తీగ పొట్టిదైతే అతుకేసుకుంటావు. కథకు అతుకేస్తే ఆడనే తెగతాది.”

చుట్టూ ఉన్నవాళ్ళు నవ్వారు. నేనూ నవ్వక తప్పలేదు. ఇంజనీరింగ్ చదివి వచ్చినవాడికి తీగల గురించి అవ్వ క్లాసు పీకింది.

ముందే అనుకున్న వేళకు లైను ఆగింది. మైకు బ్యాటరీ మీద నడుస్తోంది. ఆ ఏడు అర్జునుడు కొత్తవాడు. ఎన్నో ఏళ్ళు ఆ వేషం కట్టినాయనకు మోకాళ్ళు పట్టేసి, సరిహద్దు అవతలి మేళం నుంచి ఒక కుర్ర కళాకారుణ్ణి పిలిపించారు. మంచి గొంతు. ఎండలో, రంగు పూసుకున్న ముఖంతో, కిరీటంతో, భుజాన గుడ్డసంచితో మెట్టు మెట్టుకూ ఆగి పాడుతూ ఎక్కుతుంటే నాకూ కాసేపు అతను మేళగాడు అన్న సంగతి గుర్తులేదు. కింద ఆడవాళ్ళు కాళ్ళూ చేతులూ చాపి బోర్లా పడుకుని ఉన్నారు. పెద్దముత్తైదువలు బిందెలతో నీళ్ళు తెచ్చి వాళ్ళ వీపుల మీద పోస్తూనే ఉన్నారు. మట్టి బురదయింది. ఆ వరసలో ఆకుపచ్చ చీరామె మన ఆపరేటరు భార్య అని లైన్‌మన్ చూపించాడు. మాను మొదటికి చెయ్యి చాపితే తగిలేంత దగ్గరలో ఉంది.

మాను కొసనుంచి గుడి ద్వారం దాకా రంగుకాగితాల జెండాలు కట్టారు. ఏటా వాటిని నులకతాడుకు కడతారు. మేమూ తాడే అనుకున్నాం. అర్జునుడు కొసకు చేరుకున్న వేళకు గాలి లేచింది. జెండాలు సగం చిరిగి ఎగిరిపోయాయి, మిగిలింది ఎండలో తళుక్కుమంది. ఇనపతీగ! ఎవరో దాత ‘తాడైతే తెగిపోతాది’ అని హుషారుగా తీగ కట్టించాడు. నేను చూస్తుండగానే అది సాగి, వంగి, మా లైను మీద వాలింది. దాని ఇంకో కొస మాను చుట్టూ మెలికలు తిరిగి కిందిదాకా వచ్చి, ఆడవాళ్ళ తలల దగ్గర ఒక మేకుకు కట్టి ఉంది.

లైన్లో కరెంటు లేదు కాబట్టి అప్పటికి భయం లేదు. “పోస్టాఫీసుకు పరిగెత్తు. నేనే స్వయంగా వచ్చి చెప్పేదాకా లైను ముట్టుకోవద్దని ఆపరేటరుకు చెప్పు,” అని లైన్‌మన్‌ను తరిమాను. ఈ పాటికి మీలో మా డిపార్ట్‌మెంటు పిల్లలు, ‘పొరపాటున కరెంటు ఇచ్చినా నేలలోకి పోయేటట్టు లైనుకు ఎర్త్ కట్టలేదా సార్’ అని అడుగుతుంటారు. సెక్షను మొత్తానికి ఉన్నది ఒకే సెట్టు నాయనా. అది ఆ ఉదయమే వేరే ఊళ్ళో తెగిన తీగ దగ్గరికి పోయింది. ఇప్పుడు మీకు బండికొక సెట్టు ఇస్తున్నారు, దాన్ని సీటు కింద పడేసి తిరగకండి.

లైన్‌మన్ రొప్పుతూ తిరిగొచ్చాడు. “ఫోను సచ్చిపోయుండాది సార్. పొద్దున్నుంచీ ఇంతేనంట.”

అంటే సబ్‌స్టేషన్‌లో వాడికి కూడా ఫోను చచ్చిపోయిన సంగతి తెలిసే ఉంటుంది. నా ఫోను రాదని తెలిసినవాడు దేనికోసం కాచుకుని ఉంటాడు? ఆ ఆలోచన నాలో పూర్తికాకముందే మాను కొసనుంచి శంఖం మోగింది.

ఆ కుర్రవాడి మేళంలో శంఖం పైనే ఊదుతారట. వరం దొరికిందని గుర్తు. ఆ ఊరి అర్జునుడు నేల మీదికి వచ్చాకే ఊదుతాడని ఎవరూ అతనికి చెప్పలేదు. ఎవరికి మాత్రం తోస్తుంది? మెడలో మైకు కట్టి మరీ ఎక్కించారు. శంఖనాదం మామిడితోపు దాటి పోయింది.

ఒక్క దూకులో అవ్వ దగ్గరికి చేరి మైకు మీద చెయ్యి వేశాను. అవ్వ నా మణికట్టు పట్టుకుంది. ముసలి చెయ్యే, కానీ చిరతలు పట్టిన చెయ్యి. చెవిలో గబగబా చెప్పాను. “అవ్వా, శంఖం విని వాడు కరెంటిచ్చేస్తాడు. తీగ లైను మీద పడుండాది. వీళ్ళంతా పోతారు. పక్కకు పారిపొమ్మని అరుస్తా, వదులు.”

“అరిస్తే జనం లేచి తొక్కుతారు,” అంది అవ్వ, నా వైపు చూడకుండానే. “పండుకోనుండారు నా తల్లులు.”

అని చిరతలు ఝల్లుమనిపించింది. ఎప్పుడూ లేనంత పెద్ద గొంతుతో అందుకుంది.

“శంఖం మోగింది కదా అని తపస్సు అయిపాయెననుకోబాకండి! అర్జునుడు ఇంకా దిగలేదు! వినండి, ఊరోళ్ళూ వినండి, తోపు అవతల ఉండేవోళ్ళూ వినండి. అర్జునుడు ఇంకా దిగలేదు!”

జనం కదలకుండా కూర్చున్నారు. నేను తోపు వైపు చూస్తూ నిలబడ్డాను. ఆ క్షణంలో దేవుణ్ణి నమ్మానా లేదా అని నన్ను అడగకండి. అవ్వను నమ్మాను.

“ఆ శంఖం ఊదింది అర్జునుడు కాదు, శివుడు! ‘నాయనా, నీ తపస్సుకు మెచ్చినాను, దిగి రా, వరమిస్తా’ అన్నాడు. అర్జునుడు ఏమన్నాడు? చేతులు జోడించి, ‘సామీ, నేను దిగను’ అన్నాడు. ‘ఎందుకు దిగవు రా?’ ‘సామీ, కింద సూడు. నాకంటే పెద్ద తపస్సు చేసే తల్లులు తడిగుడ్డలతో పండుకోనుండారు. వాళ్ళను మట్టిలో పెట్టి నేను వరం తీసుకుంటే నాకు పాపం చుట్టుకుంటాది. ముందు వాళ్ళు లేవాల. ఒక్కొక్కరుగా లేసి, నా మాను తాకకుండా, తీగ తాకకుండా, ద్రౌపదమ్మ కాడికి పోవాల. ఆఖరి తల్లి పోయినాక నేను దిగతా.’”

పెద్దముత్తైదువలకు ఏం అర్థమైందో ఏమో, ఒంగి ఒక్కొక్కరినే లేపారు. ఎవరూ పరిగెత్తలేదు. అవ్వ ఒక్కొక్క తల్లికీ ఒక్కొక్క మాట కడుతూ పోయింది. ఆకుపచ్చ చీరామె ఆఖరున లేచింది. అర్జునుడు అప్పుడు విసిరిన నిమ్మకాయ ఆమె కొంగులో పడింది. దాన్ని గుండెకు అదుముకుని, బురద కారుతున్న బట్టలతో ఆమె మెల్లగా గుడివైపు నడిచింది.

పైన మన కుర్ర అర్జునుడు గడుసువాడు. ఇది ఈ ఊరి ఆచారం కాబోలనుకుని, ‘దిగను’ అంటూ ఒక పద్యం అప్పటికప్పుడు అల్లి పాడేశాడు. లైన్‌మన్ గుడివైపు కొస విప్పి, ఎండు వెదురుగడతో తీగను లైను మీదనుంచి తప్పించాడు. అప్పుడు అవ్వ అర్జునుణ్ణి దింపింది. దిగీ దిగగానే అతను నా మీద పడ్డాడు. “మీ ఊళ్ళో కథ ఇట్లుంటాదని ముందే చెప్పొద్దాప్పా? పద్యానికి ఎంత తడుముకున్నానో!”

నేను స్కూటరెక్కి సబ్‌స్టేషనుకు పోయాను. ఆపరేటరు ప్యానెల్ ముందు నిలబడి ఉన్నాడు. కుడిచేతిని ఎడమచేత్తో పట్టుకుని ఉన్నాడు.

“దిగినాడా సార్?”

“దిగినాడు.”

“ఫోను సచ్చిపోయింది సార్. మీరెట్ల చెప్తారులే, శంఖమే దిక్కనుకున్నా. శంఖం మోగింది. చెయ్యి హ్యాండిల్ మీద పెట్టేసినా. అంతలో అవ్వ ‘ఇంకా దిగలేదు’ అనింది. ఇదేంది, కథలో ఇట్ల లేదే అనుకున్నా. అయినా అవ్వ తప్పు చెప్తుందా సార్? చెయ్యి తీసేసినా.”

తిట్టాలని దారి పొడుగునా మాటలు పేర్చుకుని వచ్చాను. అవి పక్కన పెట్టి తీగ సంగతి చెప్పాను. అతను అట్లే గోడకు జారి నేల మీద కూర్చుండిపోయాడు. చాలాసేపు ఆ చేతినే చూసుకున్నాడు. మనిషి తన చేతిని చూసి అంత భయపడటం నేను మళ్ళీ చూడలేదు. ఆ సాయంత్రమే నేను శంఖం పద్ధతి రద్దు చేశాను. మరుసటి ఏటినుంచి తపస్సు రోజున సబ్‌స్టేషనుకూ మిట్టకూ మధ్య మా మనుషులే నడిచి కబురు మోశారు.

పొద్దు వాలే వేళకు అవ్వ గుడి అరుగు మీద గజ్జెలు విప్పుకుంటూ కనిపించింది. కాళ్ళకు దండం పెట్టబోతే వెనక్కు లాక్కుంది.

“నాకెందుకు అప్పా దండం? మా గురువు ఇచ్చిన కథలో నా పిడికెడు కలిపినా. ఇన్నేండ్లలో ఇదే మొదలు. తప్పో ఒప్పో పైకి పోయినాక ఆయన్నే అడగతా.”

“కథకు అతుకేస్తే తెగతాదన్నావు కదవ్వా?”

అవ్వ బోసినోటితో నవ్వింది. “తెగలేదు కదా,” అంది. గజ్జెలు మూట కట్టుకుంటూ, “తల్లుల కోసం ఏసిన అతుకు కదా, పట్టుకునిందిలే,” అంది.

మరుసటి ఏడు అవ్వ ఆ ముక్క వదిలేసి పాత కథే చెప్పబోయింది. ఆడవాళ్ళు ఒప్పుకోలేదు. ‘మేము లేస్తే కదా అర్జునుడు దిగేది’ అని పడుకున్నవాళ్ళు పడుకున్నట్టే ఉండిపోయారట. అవ్వకు చెప్పక తప్పలేదు. ఆ తరువాత నాకు బదిలీ అయింది. అవ్వ పోయిందని ఎప్పుడో విన్నాను.

నిమ్మకాయ పడినామెకు బిడ్డ పుట్టిందా అని మా ఇంట్లో ప్రతి శ్రోతా అడుగుతాడు. పుట్టలేదు. నాకూ పుట్టిందని చెప్పాలనే ఉంటుంది. కానీ ఈ కథలో నేను అతుకులు వెయ్యను. అవ్వ లాగా వెయ్యడం నాకు చేతకాదు.

పోయిన ఎండాకాలం మనసు ఊరుకోక ఆ ఊరి భారతానికి పోయాను. లైనును ఎప్పుడో ఊరి అవతలికి మార్చేశారు. మిట్ట మీద ఆకాశం ఖాళీగా ఉంది. కథ చెబుతున్నది ఎవరో చిన్నపిల్ల, అవ్వ శిష్యురాలి శిష్యురాలట. రిటైరైన మన ఆపరేటరు నన్ను గుర్తుపట్టి పక్కన కూర్చోబెట్టుకున్నాడు. అతని భార్య మాను దగ్గర ఉంది. ఏటా వరపడిన ఆడపిల్లలు లేవగానే ఒళ్ళు తుడిచి, పొడిచీర కప్పి, ద్రౌపదమ్మ దాకా చెయ్యి పట్టి నడిపించేది ఆమేనట. ఆమె రాకుండా ఆ ఊళ్ళో తపస్సు మొదలు కాదట.

అర్జునుడు కొసకు చేరాడు. అక్కడే శంఖం ఊదాడు. నా పక్కన ఆపరేటరు కుడిచెయ్యి గభాలున వెనక్కు పోయింది. దాన్ని ఎడమచేత్తో పట్టుకుని ఒళ్ళో పెట్టుకున్నాడు.

“శంఖం మోగింది కదా అని తపస్సు అయిపాయెననుకోబాకండి,” అని అందుకుంది ఆ పిల్ల. “అర్జునుడు ఇంకా దిగలేదు! వినండి, తోపు అవతల ఉండేవోళ్ళూ వినండి!”

తోపు ఇప్పుడు లేదు. అక్కడ ఇళ్ళు లేచాయి.

నా ముందు కూర్చున్న రైతు వెనక్కి తిరిగి, ఊరికి కొత్తవాణ్ణనుకుని జాలిగా చెప్పాడు. “ఈ ఘట్టం బాగా ఇను సామీ. తల్లులు లేసిందాకా తాను దిగనంటాడు. ఎంత ధర్మం సూడు. వ్యాస భగవానుడు ఊరికే రాసినాడా?”

ఆపరేటరు నా వైపు చూశాడు. నేను అతని వైపు చూశాను.

“అవునప్పా,” అన్నాను, “భారతంలోదే.”